నీకు ఎక్కడ ఉండాలని ఉందమ్మా?



‘హెబియస్ కార్పస్ పిటిషన్’ అనే మాట మీరు వార్తాపత్రికల్లో చూసే ఉంటారు. పోలీసులు ఎవరినో పట్టుకుపోయారు, జాడ తెలియడం లేదు, బంధువులు హైకోర్టును ఆశ్రయించారు అనే వార్తల్లో అది కనిపిస్తుంది. అందుచేత అది పోలీసులకూ ఉద్యమకారులకూ సంబంధించిన వ్యవహారమనీ, ఆదివారం పూజకు వచ్చి వెళ్లే మన కుటుంబాలకు దానితో పనిలేదనీ మనం అనుకుంటాం. నేనూ చాలాకాలం అలాగే అనుకున్నాను. అది పొరపాటని నాకు తెలిసివచ్చిన విధం చెప్పుకోవడం అంత గౌరవమైన పని కాదు. అయినా చెప్పడం అవసరమనిపించి రాస్తున్నాను.

ఆ మాట లతీను భాషది. కార్పుస్ అంటే శరీరం. లతీనులో పూజ జరిగిన రోజుల్లో దివ్యసత్ప్రసాదం ఇచ్చేటప్పుడు గురువు నోట వినిపించిన మాటే అది. ‘నీవు నిర్బంధించిన మనిషిని సశరీరంగా మా ఎదుటికి తీసుకురా, ఏ అధికారంతో నిర్బంధించావో చెప్పు’ అని న్యాయమూర్తి వేసే ఆజ్ఞకు హెబియస్ కార్పస్ అని పేరు. ఇంగ్లండులో 1679లో దీనికి గట్టి చట్టం వచ్చింది. మన రాజ్యాంగం 32వ అధికరణం కింద సుప్రీంకోర్టుకు, 226వ అధికరణం కింద హైకోర్టుకు ఈ అధికారం ఇచ్చింది. నిర్బంధంలో ఉన్న మనిషి స్వయంగా రాలేడు గనుక తల్లిగాని, భర్తగాని, స్నేహితుడుగాని ఆ మనిషి తరఫున కోర్టుకు వెళ్లవచ్చు. ఇక్కడ గమనించవలసింది ఒకటి ఉంది. 226వ అధికరణం కింద హైకోర్టు ఇచ్చే ఈ ఆజ్ఞ పోలీసులకే కాదు, ఇంటి యజమానికి కూడా వర్తిస్తుంది.

1977లో కేరళలో ఈచర వారియర్ అనే హిందీ అధ్యాపకుడు ఈ పిటిషన్ పట్టుకుని హైకోర్టు మెట్లెక్కాడు. ఎమర్జెన్సీ కాలంలో పోలీసులు పట్టుకుపోయిన ఆయన కుమారుడు రాజన్ ఇంజనీరింగు విద్యార్థి. ఆ కుమారుడు ప్రాణాలతో తిరిగి రాలేదు. కాని ఒక సామాన్య ఉపాధ్యాయుని పిటిషన్‌కు ప్రభుత్వం సమాధానం చెప్పుకోవలసి వచ్చింది, ముఖ్యమంత్రి పదవి నుంచి దిగిపోవలసి వచ్చింది. తండ్రి చేతిలో ఈ కాగితానికి ఎంత బలముందో దీన్నిబట్టి తెలుస్తుంది. మరి తాళంచెవి ఉన్నది తండ్రి చేతిలోనే అయితే?

చాలా ఏళ్ల క్రితం నేనొక పల్లె విచారణలో గురువుగా ఉన్నాను. ఒక రాత్రి భోజనాలయ్యాక ఒక సంఘపెద్ద నా దగ్గరకు వచ్చారు. కూర్చోమన్నా కూర్చోలేదు. ఆయన కుమార్తెకు ఇరవై ఏళ్లు నిండాయి, డిగ్రీ చదువుతోంది. మా విచారణకే చెందిన ఒక యువకుణ్ణి పెళ్లాడతానంటోంది. ఆ యువకుడు ప్రైవేటు పాఠశాలలో ఉపాధ్యాయుడు. గుడిలో హార్మోనియం వాయించేవాడు. చెడు అలవాట్లు లేవు. కతోలికుడే. అతని ఇల్లు మాత్రం దళితవాడలో ఉంది.

“ఫాదర్ గారూ, ఊళ్లో తల ఎత్తుకోలేను. కొన్నాళ్లు దూరంగా ఉంచితే దాని మనసు మారుతుంది. మీకు తెలిసిన సిస్టర్ల హాస్టలు ఏదైనా చూడండి” అన్నారు.

ఆ ఇద్దరికీ ఒకే పాత్రలోనుంచి దివ్యసత్ప్రసాదం ఇచ్చినవాణ్ణి నేను. ఆ మాట ఆయనకు చెప్పవలసింది. చెప్పలేదు. ఆ తండ్రి కన్నీళ్లు చూశాను, గుడి ప్రహరీకి ఆయన చేసిన సాయం గుర్తుకొచ్చింది. ఉత్తరం రాసిచ్చాను. ఇంటిదగ్గర ఈ అమ్మాయికి చదువు సాగడం లేదనీ, ఫోన్లు గాని ఉత్తరాలు గాని తండ్రికి తెలియకుండా అందకూడదనీ రాశాను. సిస్టర్లు నా మాట నమ్మారు. మర్నాడు తెల్లవారుజామున కారు ఎక్కేముందు ఆ అమ్మాయి నా వంక చూసి, “ఫాదర్ గారూ, మీరైనా నన్ను అడగరా?” అంది. “అంతా నీ మంచికేనమ్మా” అన్నాను.

నెలన్నర తిరగకముందే ఆ యువకుడు హైకోర్టులో పిటిషన్ వేశాడు. కోర్టు ఉత్తర్వు పట్టుకుని పోలీసులు సిస్టర్ల హాస్టలుకు వెళ్లారు. ఆ తండ్రితోపాటు నేనూ హైదరాబాదు వెళ్లాను. న్యాయమూర్తి అమ్మాయిని ఒక్కదాన్నే తన గదిలోకి పిలిపించుకున్నారు. తండ్రి, ఆ యువకుడు, వకీళ్లు, నేను అందరం బయటే ఉన్నాం. తర్వాత కోర్టు హాలులో అందరి ఎదుట మళ్లీ అడిగారు: “నీకు ఎక్కడ ఉండాలని ఉందమ్మా?”

ఆ అమ్మాయి తడుముకోకుండా చెప్పింది. “ఇప్పుడు ఆయనతోనూ వెళ్లను, నాన్నగారితోనూ వెళ్లను. మా కాలేజీ హాస్టలుకు వెళ్లి పరీక్షలు రాస్తాను. ఆ తర్వాత సంగతి నేను ఆలోచించుకుంటాను.”

కోర్టు అలాగే ఆదేశించింది. తండ్రి ఇల్లా, ఆ అబ్బాయి ఇల్లా అని మేమంతా నెలన్నర పాటు కొట్టుకులాడాం. మూడో చోటు ఒకటి ఉందని మాలో ఒక్కరికీ తట్టలేదు. ఎందుకంటే మాలో ఒక్కరూ ఆమెను అడగలేదు.

ప్రియ పాఠకులారా, ఇక్కడ ఉన్నది చట్టం ప్రశ్న మాత్రమే కాదు, నీతి ప్రశ్న. కన్నవారికి బిడ్డమీద ఉన్న హక్కు ఎటువంటిది? పొలం మీద, పశువు మీద ఉన్నటువంటిదా? పొలాన్ని మనం కంచె వేసి కాపాడుకుంటాం, పశువును గుంజకు కట్టేస్తాం. అవి ‘నాకు ఇష్టం లేదు’ అనలేవు. మనిషి అనగలడు. తన మేలు ఏమిటో తాను విచారించి, ఎంచుకుని, ఆ ఎంపికకు దేవుని ఎదుట తానే లెక్క చెప్పుకోవలసినవాడు మనిషి. ఆ లెక్క అతని తరఫున తండ్రి చెప్పలేడు, గురువూ చెప్పలేడు. లెక్క మనం చెప్పలేనప్పుడు ఎంపిక మాత్రం మనమే చేస్తామనడం ఏం న్యాయం?

తత్వశాస్త్రంలో మాకు గురుతుల్యుడైన పునీత తోమాసు అక్వినాసు జీవితంలోనే ఈ సంగతి ఉంది. 1244లో, పందొమ్మిదేళ్ల ప్రాయంలో, ఆయన దోమినికు సభలో చేరాడు. అది భిక్షాటన చేసే సభ. పెద్ద జమీందారీ కుటుంబం వారిది. కొడుకు మోంతె కస్సీనో వంటి గొప్ప మఠానికి అధిపతి కావాలిగాని బిచ్చమెత్తే సన్యాసి కావడమేమిటని వారి బాధ. తల్లి థియొదోరా పంపగా అన్నలు దారికాచి పట్టుకున్నారు. దాదాపు ఏడాదిపాటు కుటుంబం కోటలోనే నిర్బంధించారు. ఆయనను బంధించినది శత్రువు కాదు, తల్లి. కారణం ద్వేషం కాదు, కుటుంబ గౌరవం, బిడ్డ భవిష్యత్తు. మన ఇళ్లలో గదికి గడియపెట్టే తల్లి కూడా సరిగ్గా ఈ కారణాలే చెబుతుంది.

ఆ బందీయే తర్వాతి కాలంలో తన మహాగ్రంథం ‘సుమ్మా’లో విధేయత గురించి రాస్తూ ఈ విషయాన్ని తేల్చాడు. ఇంటి వ్యవహారాల్లో, ప్రవర్తన విషయంలో బిడ్డలు తల్లిదండ్రులకు లోబడాలి. కాని పెళ్లి చేసుకోవడమా, కన్యావ్రతం పాటించడమా అనే విషయంలో లోబడవలసిన విధి లేదు. మనసు లోపలి కదలిక మీద దేవునికే అధికారం, మనిషికి లేదు. శరీర ధర్మానికి చెందిన వాటిలో మనుషులందరూ సమానులే. ఇది ఆయన తర్కం. కోటలో గడిపిన ఆ ఏడాది జ్ఞాపకం ఆ వాక్యాల వెనుక లేదని ఎవరనగలరు?

శ్రీసభ చట్టం ఏమంటున్నదో కూడా చూద్దాం. వివాహాన్ని కలిగించేది వధూవరుల సమ్మతి, ఆ సమ్మతి లోటును ఏ మానవశక్తీ పూరించలేదు అంటుంది 1057వ నిబంధన. బలవంతంవల్ల, తీవ్రమైన భయంవల్ల జరిగిన పెళ్లి చెల్లదంటుంది 1103వ నిబంధన. 1089వ నిబంధన ఇంకా ముందుకు వెళ్తుంది. పెళ్లి కోసం ఒక స్త్రీని ఎత్తుకుపోయినా, నిర్బంధించినా వారి మధ్య వివాహం కుదరదు. ఆమెను బంధించినవాడినుంచి వేరుచేసి, భద్రమైన, స్వేచ్ఛగల చోట ఉంచిన తర్వాత ఆమె తన ఇష్టంతో ఒప్పుకుంటేనే కుదురుతుంది. ఆనాడు న్యాయమూర్తి తన గది తలుపు వేసి చేసిన పని ఇదే కదా. శ్రీసభ ఈ పని చేయమని శతాబ్దాలుగా చెబుతోంది. 1563లో త్రెంతు మహాసభ స్త్రీలను ఎత్తుకుపోయేవారిని కఠినంగా ఖండించింది. తల్లిదండ్రుల అనుమతి లేని పెళ్లిళ్లను శ్రీసభ మెచ్చుకోకపోయినా, అవి చెల్లనే చెల్లవు అనేవారిని కూడా అదే సభ తప్పుపట్టింది.

‘ఫాదర్ గారూ, రాతలు బాగానే ఉన్నాయి. పిల్లలు మోసపోతే?’ అని మీరు అడుగుతారు. అడగవలసిన ప్రశ్నే. ఇరవై ఏళ్ల ప్రాయంలో తీసుకున్న నిర్ణయంతో జీవితాంతం కన్నీరు పెట్టుకున్నవారిని నేను ఎరుగుదును. స్వేచ్ఛ ఉంటే చాలు, నిర్ణయం సరైనదైపోతుందని నేను చెప్పడం లేదు. సలహా చెప్పే హక్కు తల్లిదండ్రులకు ఉంది, అది వారి విధి కూడా. అబ్బాయి సంగతి విచారించండి. కొంతకాలం ఆగమని బతిమాలండి. ‘ఇది నాకు ఇష్టం లేదు’ అని ముఖం మీదే చెప్పండి. పెళ్లి ఖర్చు పెట్టుకోననండి. ఇవన్నీ మాటతో చేసే పనులు. ఎదుటివారికి ‘సరే’ అనడానికీ ‘కాదు’ అనడానికీ వీలు మిగులుతుంది. గడియ అలాంటిది కాదు. గడియ పడిన తర్వాత బిడ్డ చెప్పే ‘సరే’కు కూడా విలువ పోతుంది. మనసు నిజంగా మారిందో, ఓపిక నశించిందో ఆ తల్లిదండ్రులకే తెలియదు. 1992లో వెలువడిన సత్యోపదేశ గ్రంథం 2230వ పేరాలో, ఎదిగిన బిడ్డల వృత్తి విషయంలోగాని జీవిత భాగస్వామి విషయంలోగాని తల్లిదండ్రులు ఒత్తిడి తేరాదని చెబుతూనే, వివేకంతో సలహాలివ్వడాన్ని ఎవరూ కాదనడం లేదంటుంది.

‘బిడ్డ మతమే విడిచి వెళితే?’ అనేది మరింత కష్టమైన ప్రశ్న. కేరళలో హోమియో వైద్యం చదివిన ఒక యువతి ఇస్లాం స్వీకరించి, ఆ మతస్థుణ్ణే పెళ్లాడింది. తండ్రి హెబియస్ కార్పస్ పిటిషన్ వేశారు. 2017 మేలో కేరళ హైకోర్టు ఆ పెళ్లి చెల్లదని చెప్పి ఆమెను తల్లిదండ్రుల దగ్గరకు పంపింది. అప్పటికి ఆమెకు ఇరవై నాలుగేళ్లు. నవంబరు 27న సుప్రీంకోర్టు ఆమెను పిలిపించి స్వయంగా మాట్లాడింది. తనకు స్వేచ్ఛ కావాలని ఆమె చెప్పింది. చదువు పూర్తిచేయడానికి సేలం కళాశాలకు పంపారు. 2018 మార్చి 8న హైకోర్టు తీర్పును కొట్టివేశారు. మేజరైన మనిషి ఎవరిని పెళ్లాడాలి, ఏ విశ్వాసం పాటించాలి అనేది కోర్టు గాని తండ్రి గాని నిర్ణయించేది కాదని ఆ తీర్పు సారాంశం. మన ఇంట్లో అలా జరిగితే నాకూ గుండె బరువెక్కుతుంది. కాని విశ్వాసం విషయంలో ఎవరినీ బలవంతపెట్టరాదని ద్వితీయ వాటికన్ మహాసభ 1965 డిసెంబరు 7న ప్రకటించింది. అది ఇతరుల బిడ్డలకు ఒక రకంగా, మన బిడ్డలకు మరో రకంగా వర్తించదు. గడియ వెనుక జపించే జపమాలను మరియతల్లి మెచ్చుతుందా? దేవుడు తన కుమారుణ్ణి పంపేటప్పుడు సహితం నజరేతులోని ఒక కన్యక సమ్మతి కోసం ఆగాడు.

‘పరువు’ అనే మాట ఎంతదూరం పోగలదో మన ప్రాంతంలోనే చూశాం. 2018 సెప్టెంబరులో మిర్యాలగూడలో గర్భవతియైన భార్య కళ్లెదుటే ఒక దళిత యువకుణ్ణి ఆసుపత్రి బయట నరికి చంపారు. ప్రధాన నిందితుడు ఆమె తండ్రే. ఆయన 2020లో మరణించాడు. 2025 మార్చిలో నల్లగొండ కోర్టు ఒకరికి మరణశిక్ష, మిగిలినవారికి యావజ్జీవ శిక్ష విధించింది. గదికి గడియపెట్టిన ప్రతి తండ్రీ హంతకుడని నేను అనను. కాని ‘నా బిడ్డ నా సొత్తు’ అనే ఆలోచన రెండుచోట్లా ఒక్కటే. ఒకరు గడియ దగ్గర ఆగుతారు, మరొకరు ఆగరు.

పెళ్లయిన తర్వాత కూడా ఈ ప్రశ్న పోదు. ఇంగ్లండులో క్లిథరో అనే ఊళ్లో 1891 మార్చి 8, ఆదివారం నాడు, ప్రార్థన ముగించుకుని గుడి బయటికి వస్తున్న భార్యను జాక్సన్ అనే వ్యక్తి బలవంతంగా బండి ఎక్కించి తీసుకుపోయి బ్లాక్‌బర్న్‌లోని ఇంట్లో నిర్బంధించాడు. ఆమె కాపురానికి రావాలని కోర్టు డిక్రీ కూడా ఆయన దగ్గర ఉంది. బంధువులు హెబియస్ కార్పస్ కోరారు. భార్యను బంధించే హక్కు భర్తకు లేదని అప్పీలు కోర్టు చెప్పి ఆమెను విడిపించింది. మన దేశంలోనూ కాపురానికి రమ్మని కోర్టు డిక్రీ ఇవ్వవచ్చు. క్రైస్తవులకు 1869 నాటి విడాకుల చట్టం 32వ సెక్షనులో ఈ ఏర్పాటు ఉంది. హిందూ వివాహ చట్టంలోని ఇటువంటి సెక్షనునే 1983లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో జస్టిస్ పి.ఎ. చౌదరి, స్త్రీ వ్యక్తిగత స్వేచ్ఛకు విరుద్ధమని కొట్టివేశారు. 1984లో సుప్రీంకోర్టు ఆ అభిప్రాయంతో ఏకీభవించక సెక్షనును నిలబెట్టింది. అయినా ఆ డిక్రీని పట్టించుకోకపోతే ఆస్తి జప్తు చేయవచ్చునేగాని మనిషిని చెయ్యిపట్టి లాక్కురావడానికి వీలులేదు.

జ్ఞానవివాహం విడదీయరానిదని నేను పీఠం ముందు నిలబడి ప్రకటిస్తూనే ఉంటాను. ఆ బంధం దేవుడు వేసినది, గడియవేసి నిలపవలసినది కాదు. భర్త హింసవల్ల ఆత్మకు గాని శరీరానికి గాని గొప్ప ప్రమాదం ఉంటే భార్య వేరుగా ఉండవచ్చుననీ, ఆలస్యం ప్రమాదకరమైతే ఎవరి అనుమతి కోసమూ ఆగనక్కరలేదనీ 1153వ నిబంధన చెబుతోంది. పుట్టింటికి పారిపోయి వచ్చిన ఆడబిడ్డను ‘సర్దుకుపో’ అని మర్నాడే బస్సెక్కించే పెద్దలు ఈ నిబంధన ఒకసారి తెలుసుకోవాలి.

చిన్నపిల్లల సంగతి వేరు. తల్లిదండ్రులు విడిపోయి, ఒకరు బిడ్డను దాచిపెట్టినప్పుడు కూడా ఈ పిటిషనే వేస్తారు. అమెరికాలో కాపురమున్న మన తెలుగు కుటుంబాల్లోనూ ఇటువంటి తగాదాలు వస్తున్నాయి. అక్కడి కోర్టు ఉత్తర్వు ఒక్కటే చాలదనీ, బిడ్డ క్షేమమే అన్నిటికన్నా ముఖ్యమనీ 2017లో సుప్రీంకోర్టు చెప్పింది. పసిబిడ్డ తన మేలు తాను నిర్ణయించుకోలేదు గనుక ఇక్కడ కోర్టు చూసేది ఇష్టం ఒక్కటే కాదు, క్షేమం. కాని ఇక్కడా సూత్రం మారలేదు. ఆ బిడ్డ తండ్రి గెలుపూ కాదు, తల్లి గెలుపూ కాదు.

కుటుంబ పెద్దలారా, సంఘపెద్దలారా, ఎవరైనా ‘మా అమ్మాయిని కొన్నాళ్లు మీ ఇంట్లో ఉంచండి’ అని అడిగితే, ముందు ఆ అమ్మాయిని పక్కకు పిలిచి అడగండి. యువతీ యువకులారా, చట్టం మీ చేతిలో ఉందని కన్నవారి మాట వినడం మానకండి. అర్ధరాత్రి చెప్పకుండా వెళ్లిపోవడం స్వేచ్ఛకు తగిన మార్గం కాదు. చెప్పి నిలబడటం కష్టం, అదే గౌరవం. నిజంగా నిర్బంధంలో ఉన్నవారికి మహిళా సహాయ నంబరు 181 ఉంది. ఆదాయంతో నిమిత్తం లేకుండా స్త్రీలకు ఉచిత న్యాయ సహాయం 1987 నాటి చట్టం ప్రకారం హక్కుగా దొరుకుతుంది. తోటి గురువులకు కూడా ఒక మాట. పెళ్లికి ముందు వధూవరులను విడివిడిగా పిలిచి ‘నీ ఇష్టంతోనే వస్తున్నావా?’ అని మనం అడుగుతాం, జవాబు ఫారం మీద రాసుకుంటాం. ఎన్నో ఏళ్లు నేనూ తలెత్తకుండానే రాసుకున్నాను. ఇప్పుడు కలం కింద పెట్టి, ముఖం చూసి అడుగుతున్నాను.

ఆ అమ్మాయి డిగ్రీ పూర్తిచేసింది. రెండేళ్ల తర్వాత ఆ యువకుణ్ణే పెళ్లాడింది. ఆ వివాహం వేరే మేత్రాసనంలోని గుడిలో, వేరొక గురువు చేతుల మీదుగా జరిగింది. తండ్రి వెళ్లలేదని విన్నాను. నన్ను పిలవలేదు. పిలవకపోవడం న్యాయమే. సిస్టర్ల దగ్గరకు వెళ్లి నేను రాసిన అబద్ధానికి క్షమాపణ చెప్పుకున్నాను. ఆ అమ్మాయికీ ఉత్తరం రాశాను. జవాబు రాలేదు. జవాబివ్వాలో వద్దో నిర్ణయించుకునే స్వేచ్ఛ కూడా ఆమెదే.

తప్పిపోయిన కుమారుని తండ్రి, కొడుకు వెళ్లిపోతానన్న రోజున వాకిలికి అడ్డం నిలబడలేదు. దూరాన ఉండగానే ఆ కొడుకును చూసి పరుగెత్తి ఎదురు వెళ్లాడు. తిరిగి వచ్చేవారికోసం తెరిచి ఉంచవలసిన తలుపును, వెళ్లేవారిమీద మూయకుండే మనసు ఆ తండ్రి మనకు అనుగ్రహించునుగాక.